ఎప్పటికీ వద్దు

ఈ ఇంట్లో ఒకసారి టీవీ రిమోటులో బ్యాటరీలు మార్చిన పాపానికి నన్ను ఇంజనీరును చేసి కూర్చోబెట్టారు. అప్పటినుంచి ఎవరి ఫోను మొరాయించినా వచ్చి నా ఒళ్లోనే పడుతుంది. మా ఆయన ఉన్నాడు కానీ ఏం లాభం? ఏ రోగానికైనా ఆయన దగ్గరున్నది ఒకటే మాత్ర: "ఆఫ్ చేసి ఆన్ చెయ్."

ఆ రోజు పొద్దున మా అత్తయ్య ఫోను పట్టుకుని వంటింట్లోకి వచ్చింది. డ్రైవింగ్ టెస్టుకు ఆవిడకు స్లాటు దొరికింది. మధ్యాహ్నం పన్నెండులోగా సైటులోకి వెళ్లి 'వస్తాను' అని నొక్కకపోతే అది ఇంకొకరికి పోతుంది. మళ్లీ దొరకాలంటే నెలలు పడుతుంది.

అత్తయ్య బేకరీలో కేకుల మీద క్రీముతో పేర్లు రాస్తుంది. పనయ్యాక బేకరీ మెట్ల మీద కూర్చుని మామయ్య స్కూటరు కోసం ఎదురుచూస్తుంది. ఫోను చేస్తే "వస్తున్నానే! ఫోన్ల మీద ఫోన్లు చేయకు, చిరాకు నాకు" అంటాడాయన. వస్తున్నానంటే ఇంకా షాపు షట్టరు కూడా దించలేదని అర్థం. బేకరీ ఓనరు లైట్లార్పి, తాళం వేసి, ఈవిడ వైపు జాలిగా ఒక చూపు చూసి వెళ్లిపోయాక గానీ స్కూటరు చప్పుడు వినిపించదు. అందుకే అరవై దగ్గర పడుతుండగా ఆవిడ సొంతంగా బండి నడపాలనుకుంది. స్నేహితురాలి స్కూటరు మీద నేర్చుకుంది కూడా. మోకాళ్లు చెక్కుకుపోయాయి కానీ పట్టుదల చెక్కుచెదరలేదు.

"చూడమ్మా, అన్నిట్లో పాస్‌వర్డ్ దానంతటదే పడుతుంది. ఇందులో మాత్రం పడి చావట్లేదు."

"మీకు గుర్తులేదా అత్తయ్యా?"

"నేను పెడితే కదా గుర్తుండటానికి! మీ మామయ్యే అకౌంటు తెరిచారు. ఎప్పుడు కావాలన్నా ఆయనే కొట్టిచ్చేవారు. ఇవాళ అడిగితే మర్చిపోయానన్నారు."

మామయ్యది తాళాల షాపు. ఎప్పుడో చేసిచ్చిన తాళంచెవికి ఎన్ని పళ్లున్నాయో ఈరోజుకీ చెప్పగలడు. అలాంటి మనిషి పాస్‌వర్డ్ మర్చిపోయాడట! నాకప్పుడే అనుమానం రావాలి. రాలేదు. ఇంజనీరును కదా, సెట్టింగుల్లో పడ్డాను.

ఆటోఫిల్ ఆన్‌లోనే ఉంది. సేవ్ చేయాలా అని అడిగే మీట కూడా ఆన్‌లోనే ఉంది. పాల యాప్ తెరిస్తే పాస్‌వర్డ్ టక్కున పడింది. కరెంటు బిల్లులో పడింది. బ్యాంకులో కూడా పడింది. ఊరందరిదీ ఒక దారి, ఉలిపికట్టెది ఒక దారి అన్నట్టు ఈ డ్రైవింగ్ సైటు ఒక్కటే బిర్రబిగుసుకుని ఖాళీ గడి చూపిస్తోంది. మా ఆయన చెప్పినట్టు ఆఫ్ చేసి ఆన్ కూడా చేశాను, సిగ్గు విడిచి.

ఈలోగా అత్తయ్య ఆగలేక పెళ్లిరోజు కొట్టింది, తప్పంది సైటు. స్కూటరు నంబరు కొట్టింది, అదీ తప్పంది. ఇంకొక్కసారి తప్పితే రేపటిదాకా తాళం అని ఎర్రటి అక్షరాలు వచ్చాయి. ఫోను లాక్కున్నాను.

"పాస్‌వర్డ్ మర్చిపోయారా?" అన్నచోట నొక్కితే కోడు పంపానంది. ఎక్కడికి? చివరి అంకెలు చూస్తే మామయ్య నంబరు. ఆయనకు ఫోను చేస్తే ఎత్తడు. పదకొండు దాటింది. ఇద్దరం చెప్పులేసుకుని వీధి చివర షాపుకు పరుగెత్తాం.

మామయ్య తాళంచెవులు కోసే మిషను ముందు కూర్చుని ఉన్నాడు. కనుబొమల మీద ఇత్తడి పొడి. తలకు పైన గుత్తులు గుత్తులుగా వేలాడుతూ ఇంకా పళ్లు రాని తాళంచెవులు. కౌంటరు మీద ఫోను, బోర్లా పడుకోబెట్టి ఉంది. సంగతి చెబితే మిషను ఆపకుండానే నీతులు మొదలుపెట్టాడు.

"పాస్‌వర్డులు ఫోన్లో దాచకూడదమ్మాయ్. తాళం వేసి, చెవి దానికే వేలాడదీసినట్టు ఉంటుంది."

మాట బాగుంది. ఒక్క క్షణం నిజమే కదా అనిపించింది కూడా. ఆ క్షణంలోనే నా వేలు సెట్టింగుల్లో ఇంకాస్త కిందికి పోయింది. అక్కడ, పాస్‌వర్డ్ సేవ్ చేయొద్దని ఫోనుకు చెప్పిన సైట్లుంటాయి. ఒకటే ఉంది. డ్రైవింగ్ టెస్టుది.

"మామయ్యా, పాల యాప్‌లో అకౌంటు తెరిచిందెవరు?"

"నేనే."

"కరెంటు బిల్లు? బ్యాంకు?"

"అన్నీ నేనే. మీ అత్తయ్యకేం తెలుసు?"

"మరి బ్యాంకు తాళంచెవి వేలాడదీసి, దీనికొక్కదానికే 'ఎప్పటికీ వద్దు' అని నొక్కారేం?"

మిషను ఆగింది. మామయ్య తేలు కుట్టిన దొంగలా చేతిలో ఉన్న తాళంచెవిని అటూ ఇటూ తిప్పాడు.

"పొరపాటున వేలు తగిలి ఉంటుంది."

"మరి ఇది ఎత్తడానికి ఏ వేలూ తగల్లేదా?" అని బోర్లా ఉన్న ఫోను చూపించాను. నాకు ఒళ్లు మండిపోతోంది. ఇంటి దొంగను ఈశ్వరుడైనా పట్టలేడంటారు. పట్టింది కోడలు.

అత్తయ్య ముఖం పాలిపోయింది. "అంటే, కావాలనే చేశారా?"

"రోడ్ల మీద లారీలు చూస్తున్నావా? పడితే?"

"పడ్డాను. రెండుసార్లు. లేచాను. మీకు చెప్పలేదంతే."

మామయ్య దగ్గర ఇక తాళాలేవీ మిగల్లేదు. గుడ్డతో చేతులు తుడుచుకున్నాడు, తుడిచినవే మళ్లీ తుడుచుకున్నాడు.

"నువ్వే బండి నడుపుకుంటే ఇక సాయంత్రం నేనెవరి కోసం రావాలే? ఇంటికెళ్లాక నీ వంట నీది, నా టీవీ నాది. దారి పొడుగునా నా వీపు వెనక నువ్వు వాగుతావు చూడు, మనం మాట్లాడుకునేది ఆ కాసేపే."

ఇంత ప్రేమ పెట్టుకున్న మనిషి రోజూ ఆవిణ్ని మెట్ల మీద ఎందుకు కూర్చోబెట్టాడని నాకు అడగాలనుంది. అత్తయ్య అడగలేదు. చెయ్యి చాచింది.

"ముందు ఆ ఫోనిలా ఇవ్వండి."

ఇచ్చాడు. ఇంకో కోడు తెప్పించాను. 'ఎప్పటికీ వద్దు'లోంచి ఆ సైటును తీసేశాను. కొత్త పాస్‌వర్డ్ మాత్రం అత్తయ్యే, తెరకు చెయ్యి అడ్డం పెట్టుకుని, ఒక్కో అక్షరం కేకు మీద రాసినంత జాగ్రత్తగా కొట్టింది. సేవ్ చేయాలా అని ఫోను అడిగింది. ఆవిడ వేలు ఇటూ అటూ కదల్లేదు, సూటిగా 'సేవ్' మీద పడింది. ఆ తర్వాత 'వస్తాను' మీద. స్లాటు ఖాయమైంది.

మామయ్య మెడ చాచాడు. "పాస్‌వర్డ్ ఏం పెట్టావే?"

"మీకెందుకు? మర్చిపోతారు."

షాపు మెట్లు దిగి, అత్తయ్య వెనక్కి తిరిగింది.

"లైసెన్సు చేతికొచ్చాక సాయంత్రాలు మీరు రానక్కర్లేదు. షట్టరు దించేసి ఈ మెట్ల మీద కూర్చోండి. నేనే వచ్చి ఎక్కించుకుంటాను. వెనక కూర్చుని మీరు వాగుదురుగాని."

మామయ్య ముఖం విప్పారింది. "ఎన్నింటికొస్తావు?"

"వస్తాను. ఫోన్ల మీద ఫోన్లు చేయకండి, చిరాకు నాకు."