ఆటలో దంచిన వడ్లు

ఆకేరు వాగు పొంగి మడికట్లన్నీ ఇసుకపాలైన యేడు అది. ఆ యేడే యాకమ్మ రోకలి కింద పెట్టింది.

సంఘం ఆటల దళంలో ఆమె ఒక్కతే ఆడమనిషి. జనగామ పల్లెల నుంచి మానుకోట దాకా, దొరల వెట్టిచాకిరీని చూపే వెట్టి ఆట ఆడేవారు. పోలీసుల భయానికి పొద్దుగూకక ముందే ముగించేవారు. మగవాళ్ల వేషాలు మారుతుండేవి. యాకమ్మది ఎప్పుడూ వెట్టిదాని వేషమే. దొర వాకిట్లో వడ్లు దంచుతూ ఉండాలి. ఒక్క మాటా లేదు.

ఏ ఊళ్లోనైనా రోలున్న వాకిలి చూసి మరీ ఆట పెట్టేవాళ్లు. ఊరు ఇచ్చిన వడ్లు అందులో పోస్తే, ఆట అయ్యేసరికి దళానికి బియ్యం తయారు. ఈ ఉపాయం ఆమె మొగుడు సోమనర్సయ్యదే. దొర వేషమూ అతనిదే.

"ఉత్త రోలు దంచితె ఏమొస్తదే?" అన్నాడు. అందరూ మెచ్చుకున్నారు.

ఆమె దంచుతుంటే ఆడవాళ్లు కొంగు నోట్లో కుక్కుకుని ఏడ్చేవారు. మగవాళ్లు పిడికిళ్లు బిగించేవారు. ఆట అయ్యాక ఆ బియ్యం చెరిగి, వండి, అందరికీ పెట్టి, మొగుడి మసి మీసాన్ని ఆముదంతో తుడిచేది కూడా ఆమే. ఇదేం వేషం? విప్పేదెప్పుడు? ఇంట్లో అత్త దంచమంటే దంచింది. గడీలో దొరసాని దంచమంటే దంచింది. అది పోవాలని సంఘంలోకి వస్తే ఇక్కడా రోకలే. అరచేతిలో కాయలు ఏవి ఎవరి వడ్లవో ఎవరు చెప్పాలి?

ఆట రాసిన గోవర్ధన్‌ను అడిగింది. "అన్నా, నాకు గూడ రెండు మాటలు రాయరాదె?"

"నీ చెమటే మాట్లాడుతది అక్కా."

సోమనర్సయ్య నవ్వాడు. "మాటలల్ల పడితె దీని చెయ్యి ఆగుతది. మనకు బువ్వెట్ల?"

చిట్యాలలో ఆట. సగం వడ్లు నలిగాయి. ఉన్నట్టుండి ఆమె చేతులు ఆగాయి.

"దంచవేందే?" దొర గద్దించాడు. ఆటలో లేని మాట అది.

యాకమ్మ రోకలి తెచ్చి అతని కాళ్ల ముందు పెట్టింది. "నువ్వు తినే బువ్వకు నువ్వే దంచుకో, దొరా."

జనం ఈలలు వేశారు. ముందు వరసలో లచ్చవ్వ అనే ముసలామె లేచి నిలబడింది. "గట్లడుగు బిడ్డా!"

ఆ సాయంత్రం పొయ్యి వెలగలేదు. దళమంతా మక్కజొన్న పేలాలు నములుతూ ఆమెను గుర్రుగా చూసింది. ముద్దలు చేసి పెడితే తినే నోళ్లు, ఒక్క మాట అంటే ముడుచుకుపోయాయి.

"జనం ముందట నా ఇజ్జత్ తీస్తివి గదనే" అన్నాడు సోమనర్సయ్య.

"నీదెందుకు తీస్త? దొరది తీసిన."

అతను తన మసి మీసం తడుముకున్నాడు. ఆముదం గిన్నె వంక చూశాడు. ఆమె అటు తిరిగి పడుకుంది.

మర్నాడు పొద్దున దంపుడు చప్పుడుకు యాకమ్మకు మెలకువ వచ్చింది. వాకిట్లో సోమనర్సయ్య. మసి మీసం చెంపలకు అలుక్కుపోయి ఉంది. గింజలు రోట్లో కన్నా నేల మీదే ఎక్కువ. ఎవరైనా చూస్తారేమోనని వీధి దర్వాజ దగ్గరికి వేసుకున్నాడు.

యాకమ్మ లేచి వెళ్లి దర్వాజ బార్లా తీసింది. నీళ్లకు పోయే ఆడవాళ్లు ఆగి చూశారు.

అతను తల వంచుకున్నాడు. రోకలి మాత్రం ఆపలేదు.