ఎవరు అడ్డు వచ్చినా

"నీ షాపు, నీ సరుకు. నువ్వు దించుకుంటే కాదనేవాడెవడు?" అని భర్త అన్న రోజున ఆ మాట ఆమె చెవికి ఇంపుగానే తగిలింది. పదిహేనేళ్ళ కాపురంలో ఆయన నోట 'నీ' అని వచ్చిన ఆస్తి అదొక్కటే మరి. అంతకుముందు వచ్చినవన్నీ నీ తప్పు, నీ మతిమరుపు, నీ పుట్టింటివాళ్ళు.

టైల్స్ షాపు లైసెన్సు ఆమె పేరున ఉంది. ఆడవాళ్ళకైతే త్వరగా ఇస్తారని ఆయనే తీయించాడు. కుర్చీ మాత్రం ఆయనది. ఆర్నెల్ల కిందట హమాలీల యూనియన్ వాళ్ళు లారీకి అడ్డం పడ్డారు. ఈ వీధిలో సరుకు తాము చెప్పిన కూలికి తమవాళ్ళే దించాలని, లేదా యజమాని స్వయంగా దించుకోవాలని, బయటి కూలీ చెయ్యి వేస్తే ఊరుకోమని పట్టుబట్టారు. పోలీసు రక్షణ కోసం ఆయన ఆమె పేరున కోర్టులో కేసు వేయించాడు. తీర్పు వచ్చేదాకా యజమాని చేతులంటే ఆమె చేతులే. మొగుడి చేతులు పనికిరావా అని అడిగితే ఆయన నడుం పట్టుకుని కూర్చున్నాడు.

వారానికి రెండు లారీలు. పొద్దున్నే వంట ముగించి, అత్తగారికి మందులిచ్చి, చీర కుచ్చిళ్ళు పైకి దోపుకుని పెట్టెలు మోసేది. ఒక్కో పెట్టె ఇంట్లో గ్యాస్ బండంత బరువు. సాయంత్రానికి అన్నం గరిటె పట్టుకుంటే వేళ్ళు ముడుచుకునేవి కావు. "లైసెన్సు గలదానివి, నీ బరువు నువ్వు మోసుకుంటే నామోషీ ఏముందే?" అనేది అత్తగారు, కంచం ముందుకు జరుపుతూ.

ఆమెకు అనుమానం పుట్టించింది ఆయన ఓపిక. టీ రెండు నిమిషాలు ఆలస్యమైతే ఇల్లు పీకి పందిరేసే మనిషి కోర్టు ఆలస్యాన్ని పల్లెత్తు మాట అనడు. "కేసేమయిందండీ?" అని అడిగితే, ప్రశ్న పూర్తికాకుండానే "కోర్టు పనులు, టైం పడుతుంది" అంటాడు. ఏదీ వెంటనే చెప్పని మనిషికి ఈ ఒక్క జవాబు ఇంత సిద్ధంగా ఎలా ఉంటుంది?

ఆ రోజు ఎదురు షాపు మెట్ల మీద కూర్చున్న హమాలీల మేస్త్రీ ఆమె ఆయాసం చూసి లేచాడు. "మీరెందుకు మోస్తున్నారమ్మా? ఆర్డరొచ్చి రెండు నెలలైంది. మేం తప్పుకున్నాం. ఎవర్ని పెట్టుకుంటారో మీ ఇష్టం."

ఆమె నమ్మలేదు. అడ్డంపడ్డవాడే అడ్డు లేదంటే ఎవరు నమ్ముతారు? రెచ్చగొట్టి చూస్తున్నాడేమో అనుకుంది. అయినా చేతులు కూడా కడుక్కోకుండా లాయరు ఆఫీసుకు వెళ్ళింది.

"మీవారు చెప్పలేదా?" అన్నాడు లాయరు. "కాపీ ఆయన చేతికే ఇచ్చానమ్మా."

ఫైల్లో ఉన్న ఆర్డరు తీయించి చదివింది. లైసెన్సుదారు తనకు నచ్చిన పనివాళ్ళతో సరుకు దించుకోవచ్చు. అందుకు ఎవరు అడ్డు వచ్చినా పోలీసులు రక్షణ ఇవ్వాలి. అందులో తన పేరు పదకొండుసార్లు ఉంది. ఆయన పేరు ఎక్కడా లేదు. ఏడుపు రాలేదు, ఒళ్ళు మండింది. రెండు నెలలు, పదహారు లారీలు. యూనియన్ వాళ్ళు కనీసం ఎదుటపడి అడ్డుకున్నారు.

కాపీ తీసుకుని తిరిగొచ్చేసరికి లారీ సగం సరుకుతో అలాగే ఉంది. ఆమె మేస్త్రీని పిలిచి నలుగురిని పురమాయించింది. మొదటి పెట్టె కిందికి రాకముందే భర్త కుర్చీలోంచి లేచొచ్చి లారీ వెనక తలుపు మూసి, దానికి వీపు ఆనించి నిలబడ్డాడు. ఆ వేగంలో నడుం నొప్పి జాడే లేదు.

"ఎవర్నడిగి పిలిచావు? వీళ్ళ కూలి ఎవడిస్తాడు? రెండు నెలలుగా మిగులుతున్నదంతా వీళ్ళకు పొయ్యాలా? చేతులు అరిగిపోయాయా? పోండ్రా మీరంతా."

హమాలీలు ఆమె వంక చూశారు. ఆమె ఆర్డరు కాపీ మీద లాయరు రాసిచ్చిన పోలీస్ స్టేషన్ నంబరుకు ఫోన్ చేసి, కేసు నంబరు చదివి, తను లైసెన్సుదారునని చెప్పింది.

"మళ్ళీ అడ్డం పడ్డారా యూనియన్ వాళ్ళు?" అని అడిగింది అవతలి గొంతు.

"వాళ్ళు సరుకు దించడానికే వచ్చారు సార్," అంది ఆమె, భర్త ముఖంలోకి చూస్తూ. "అడ్డం నిలబడింది మా ఆయన. రాసుకోండి, పేరు చెప్తాను."