ఊరికే ఎక్కని మనిషి

ఆ రోజు ఇంట్లో ముగ్గురున్నారు. వంటగదిలో మరదలు, గుమ్మం దగ్గర నిమిషానికోసారి వీధిలోకి తొంగిచూస్తున్న తమ్ముడు, ముందు గదిలో కట్టు కట్టిన కాలు స్టూలు మీద పెట్టుకుని గోనె కుడుతున్న అక్క. నాలుగో మనిషి ఇంకా రాలేదు. ఆయన వస్తాడనే పొద్దుటి నుంచి ఎవరికీ ముద్ద దిగలేదు.

అక్క ఇరవై ఆరేళ్లుగా ధాన్యం గిడ్డంగిలో బస్తాల మూతులు కుడుతోంది. దబ్బనం తోసి తోసి కుడి అరచేతిలో కాయ కాసింది. చూడకుండానే కుడుతుంది. బస్తాకి పద్నాలుగు కుట్లు. పదమూడూ కాదు, పదిహేనూ కాదు. ఒకరింట్లో కూర్చుని తినడం చేతకాక, దెబ్బ తగిలిన మూడో వారమే మరదలికి కాళ్లు తుడుచుకునే పట్టా ఒకటి మొదలుపెట్టింది. పాత గోనెలు నాలుగు మడతలు వేసి పురికొసతో గళ్లు గళ్లుగా కుడుతోంది. ఇవాళ కుట్లు వంకర పోతున్నాయి.

"మళ్లీ చెప్పక్కా," అన్నాడు తమ్ముడు.

"మా తమ్ముడి బండిలో బస్తాలు దించే పనికి ఎక్కాను. మలుపులో బండి బోల్తా పడింది."

"ఛార్జీ?"

"ఇవ్వలేదు."

"అంతే. ఆపైన ఒక్క మాట వద్దు. సరుకుతో పనికి ఎక్కినవాళ్లకైతే ఇన్సూరెన్స్ కంపెనీ ఇస్తుంది. ఛార్జీ ఇచ్చి ఎక్కావని తేలిందా, సరుకుల బండిలో మనుషుల్ని ఎందుకు ఎక్కించావని మొత్తం నా నెత్తినే వేస్తారు. నీ రెండో ఆపరేషనుకి బండి అమ్మాలి. బండి పోతే అందరం ఏం తింటాం?"

"తెలుసురా."

"మీకు తెలుసు వదినా. మీ నోటికి తెలియాలిగా," అంది మరదలు లోపలి నుంచి.

నిజానికి ఆ నోరు లేచింది ఎప్పుడూ లేదు. గిడ్డంగిలో సగం మందికి ఆమె గొంతు ఎలా ఉంటుందో తెలియదు. ఒక్క పట్టుదలే ఆమెది, ఎవరి దగ్గరా ఏదీ ఊరికే తీసుకోదు. భర్త పోయిన నెలలో పక్కింటావిడ గిన్నెడు కూర ఇస్తే, ఖాళీ గిన్నె తిరిగివ్వలేక నాలుగు ఉల్లిపాయలు వేసి పంపింది.

రెండేళ్ల కిందట తమ్ముడు బండి కొన్న రోజున మరదలు నవ్వుతూనే అంది, "ఇక వదినకేం? టికెట్టు లేని ప్రయాణం!" అందరూ నవ్వారు. అక్కా నవ్వింది. మర్నాటి నుంచి సాయంత్రం గిడ్డంగి నుంచి ఆ బండిలోనే బస్తాల మీద కూర్చుని వచ్చి, తన గది దగ్గర దిగేటప్పుడు బస్సుకి ఎంతో అంతా డ్రైవరు చేతిలో పెట్టేది.

"ఓనరుగారి అక్కవి, నీ దగ్గర తీసుకుంటే బాగుంటుందా అమ్మా?" అనేవాడు డ్రైవరు.

"అక్కనైతే మరీ తీసుకోవాలి," అనేది.

ఈ సంగతి తమ్ముడికి ప్రమాదం జరిగాక గాని తెలియలేదు.

పదకొండింటికి ఇన్సూరెన్స్ కంపెనీ మనిషి వచ్చాడు. చంకలో ఫైలు, నుదుటి మీద చెమట. చెప్పులు బయటే విడిచి, మంచినీళ్లు అడిగి తాగి, "నొప్పి తగ్గిందా అమ్మా?" అన్నాడు. అక్క కంగారు పడింది. ఆయన అరుస్తాడనుకుంది. అరిచేవాళ్ల ముందు నోరు మూసుకోవడం ఆమెకు అలవాటే.

అయినా అన్నీ అప్పజెప్పింది. దించే పనికి ఎక్కాను. ఛార్జీ ఇవ్వలేదు. తమ్ముడు గోడకి చేరగిలబడి ఊపిరి వదిలాడు. కంపెనీ మనిషి పెన్నుకి మూత పెట్టి లేచాడు.

"అయినా ఆడపడుచుకి ఛార్జీ ఏమిటిలెండి. తమ్ముడి బండి! ఊరికే ఎక్కుతారు, ఊరికే దిగుతారు. మా అక్కా అంతే."

"అవునండీ," మరదలు కంగారుగా మాట కలిపింది. "మా వదినకి ఎప్పుడూ టికెట్టు లేదు."

దబ్బనం ఆగిపోయింది.

"ఊరికే ఎక్కలేదు," అంది అక్క. ఆ గొంతు ఆమెకే కొత్తగా వినిపించింది. "రెండేళ్లలో ఒక్క పూట కూడా ఊరికే ఎక్కలేదు. తమ్ముడి బండైతే మాత్రం? ఛార్జీ డ్రైవరు చేతిలో పెట్టాకే దిగేదాన్ని. కావాలంటే అతన్నే అడగండి."

కంపెనీ మనిషి మళ్లీ కూర్చున్నాడు. పెన్ను మూత తీశాడు. రాసింది చదివి వినిపించి, సంతకం పెట్టించుకుని, నెమ్మదిగా చెప్పులు తొడుక్కుని వెళ్లిపోయాడు.

లోపల అన్నం మాడుతున్న వాసన వచ్చింది. మరదలు కదల్లేదు. తమ్ముడు తిట్టలేదు. తిట్టినా బాగుండేది.

"నా గదికి పోతానురా," అంది అక్క. ఉండమంటాడేమోనని కాసేపు ఆగింది. అతను వీధి చివరికి వెళ్లి ఆటో తెచ్చాడు. ఆమె పట్టాని గుమ్మం లోపలి పక్కన నేల మీద పెట్టింది. అతను చేతికర్ర అందించి, భుజం పట్టి మెట్టు దింపాడు. మళ్లీ లోపలికి వెళ్లాడు.

ఆమె వెనక్కి తిరిగింది. "రెండు వరసలే మిగిలాయిరా, మరదలికి చెప్పు..."

తలుపు మూసుకుంది. విసురుగా కాదు, పసిపిల్ల నిద్రపోతున్న ఇంట్లో మూసినట్టు నెమ్మదిగానే మూశాడు. పట్టా దబ్బనంతో సహా లోపలే ఉండిపోయింది. తలుపు కింద ఇరుక్కున్న పురికొస మాత్రం జానెడు బయటికొచ్చి మెట్టు మీద పడి ఉంది.