మూసిన దుకాణం ముందు పదకొండు నిమిషాలు

ఊరెళ్లినవాళ్ల పెంపుడు జంతువులను చూసుకునే పనివాళ్లకు ఆవిడ శిక్షణ ఇస్తుంది. నెలకోసారి, ఎవరు కుక్కను ఎంతసేపు నడిపించారో, ఎక్కడ ఆగారో కంప్యూటర్‌లో చూసి, తప్పు ఎక్కడుందో పట్టుకుని పాఠం మారుస్తుంది.

ఆ నెల నలుగురు మార్కుల్లో వెనకబడ్డారు. కుక్కలు వేరు, వేళలు వేరు. అయినా మ్యాపులో నలుగురి గీతలూ ఒకే సందులో, మూతబడిన ఒక దుకాణం ముందు పదకొండేసి నిమిషాలు ఆగిపోయాయి. ఫోన్లలో మునిగిపోయి ఉంటారనుకుని, నలుగురిలో వాగుడుకాయగా పేరుపడ్డ అమ్మాయిని పిలిచింది.

"అక్కడేం పని నీకు?"

"నాకేం పన్లేదు మేడం. కుక్కే కూర్చుంటుంది. లాగితే..." అంటూ ఆ పిల్ల మాట మార్చింది. "మీరే ఒకసారి రండి."

మర్నాడు పొద్దున పదింటికి ఇద్దరూ కుక్కతో బయల్దేరారు. రెండేళ్ల గోధుమరంగు కుక్క, క్షణం కుదురుగా ఉండదు. సందు మలుపు తిరగగానే నెమ్మదించింది. షట్టర్ ముందు బుద్ధిగా కూర్చుని, తలెత్తి తోకాడించింది. ముందుకాలు పైకి చాచింది. ఆ కాలు ఎవరో పట్టుకున్నట్టు గాలిలోనే ఉండిపోయింది.

ఆవిడ తాడు లాగింది. తాడు మెల్లగా ఆవిడనే వెనక్కి లాగింది. కుక్క మెడ దగ్గర మాత్రం అది వదులుగానే ఉంది.



"లాగకమ్మా," అన్నాడు ఎదురుగా మిషన్ కుడుతున్న దర్జీ, తలెత్తకుండానే. "చూడనీ."

"ఎవర్ని?"

"ఆ కొట్టావిడని. జనం కుక్కల్ని ఆవిడ దగ్గరే వదిలి ఊరెళ్లేవాళ్లు. కాళ్లూ చెవులూ పళ్లూ చూస్తేగానీ దేన్నీ లోపలికి రానిచ్చేది కాదు. పోయి తొమ్మిదేళ్లయింది."

"దీనికి రెండేళ్లేనండీ!"

"నాకూ అదే అంతు పట్టదు," అంటూ దర్జీ దారం కొరికాడు.

ఇంతలో కుక్క చెవి దానంతటదే వెనక్కి మడతపడింది. తర్వాత ఎడమ వెనకకాలు లేచింది. అది చాలాసేపు దిగలేదు. కుక్క సన్నగా మూలిగింది. పదకొండో నిమిషంలో లేచి ఒళ్లు దులుపుకుంది.

ఆవిడ ఆ కాలు పట్టుకు చూసింది. వేళ్ల సందున గాజుముక్క గుచ్చుకుని ఉంది. నాలుగు రోజులుగా ఉన్నట్టుందనీ, ఇంకాస్త ఆలస్యమైతే చీము పట్టేదనీ పశువైద్యుడు చెప్పాడు. ఆ నాలుగు రోజులూ దాన్ని నడిపించినవాళ్లలో ఒక్కరూ చూడలేదు. చూడమని ఆవిడ పాఠంలో ఎక్కడా లేదు.

ఆ వారమే పాఠం మారింది. గడప దాటేముందు కాళ్లు, చెవులు, పళ్లు చూసి తీరాలి. మరుసటి నెల ఆ సందులో ఏ గీతా ఆగలేదు, ఒక్కటి తప్ప. ఆవిడ వాగుడుకాయకు ఫోన్ చేసింది.

"మంగళవారం చూడకుండానే తీసుకెళ్లావు కదూ?"



"బద్ధకించాను మేడం. ఇంకెప్పుడూ చెయ్యను."

అప్పటినుంచి పనివాళ్ల మార్కులు పెరిగాయి. పైవాళ్లు మెచ్చుకున్నారు. ఆవిడ మాత్రం ఆ సందులో మళ్లీ అడుగుపెట్టలేదు.