నీటికుక్కల మీద వేసిన నింద

పొద్దున్నే చెరువు గట్టు మీద దంతెతో ఆకులు లాగుతున్నాడు పరశురాముడు. మలేసియాలో జోహోర్ రబ్బరు తోటలో పుట్టి, సింగపూరు పార్కుల్లో ఊడుస్తూ ముసలివాడైన మనిషి. అతను ఊడ్చిన చోట ఎండుటాకు రాలాలన్నా ముందు అతన్ని అడిగి రాలాలి. ఒడ్డున నల్లహంసలు పోగేసిన తుంగనీ రోజూ అలాగే ఊడ్చి పారేశాడు. చెత్తే అనుకున్నాడు. చివరికి ఆడహంస విసిగి వట్టి నేల మీదే గుడ్లు పెట్టింది.

ఆ హంసల మీద పరిశోధన చేస్తున్న స్పందన వచ్చి గట్టు మీద కూర్చుంది.

"అంకుల్, ఆడదీ మగదీ కలిసే తుంగ లాగి గూడు ఎత్తుగా కట్టుకుంటాయి. ఎవరో రోజూ తీసేస్తున్నారు. ఇప్పుడు పెద్ద వానొస్తే గుడ్లు మునిగిపోతాయి. ఎవరు తీస్తున్నారో చూశారా మీరు?"

పరశురాముడికి చెవులు వేడెక్కాయి. దంతెను వీపు వెనక్కి జరిపాడు. మగహంస ఓ దొరగారి వాచీ మింగిందనీ, అప్పట్నుంచీ గంట గంటకీ మెడ ఊపుతోందనీ నిన్ననే ఈ పిల్లను నవ్వించాడు. ఆ నాలుకే ఇప్పుడూ ఆదుకుంది.

"నీటికుక్కలమ్మా! ఎత్తుకుపోయి పరుపులు కుట్టుకుంటున్నాయి. నా కళ్లతో సూసినాను."

ఆమె ఈసారి నవ్వలేదు. నమ్మింది.

ఎండ ముదరకముందే, స్పందన చెప్పింది విని, సూపర్‌వైజర్ రవీంద్రన్ మనుషుల్ని తెచ్చి నీటికుక్కలు రాకుండా గుడ్ల చుట్టూ ఇనుప వల బిగించాడు. ఆడహంస లోపల బుసకొడుతూనే ఉంది.

"బాగా కనిపెట్టినావు అంకుల్. గుడ్ జాబ్ లా!" అని సింగపూరు యాసలో మెచ్చుకుని రవీంద్రన్ పరశురాముడి భుజం తట్టాడు. తట్టినచోట వాత పెట్టినట్టయింది.

పొదగడంలో ఆ జంటకు వంతులున్నాయి. మేతకెళ్లిన మగహంస తన వంతుకు తిరిగొచ్చి, వల చుట్టూ తిరిగింది. ఎర్రముక్కుతో పొడిచింది. బూర ఊదినట్టు పిలిచింది. లోపల ఆడది ఆకలితో లేచింది, కూర్చుంది, మళ్లీ లేచింది.

"వల తీయించమంటారా అంకుల్? మళ్లీ నీటికుక్కలొస్తే?" అంది స్పందన.

నేనే అనే మాట పళ్ల దాకా వచ్చింది. చెబితే ఈ వయసులో పని పోతుంది. అంతకన్నా, ఈ పిల్ల ముందు తలెత్తుకోవడం ఎలా?

"ఉండనీయమ్మా. అలవాటు పడతాయి."

ఆమె మకాన్‌కి, అంటే భోజనానికి, వెళ్లగానే వల లేపేద్దామనుకున్నాడు. ఆమె అటు వెళ్లిందో లేదో, ఆడహంస రెక్కలు కొట్టుకుంటూ వల మీద పడి, ఎలాగో గీరుకుని బయటికి దూకింది. రెండూ కలిసి అవతలి ఒడ్డుకు ఈదుకుపోయాయి.

పరశురాముడు వల ఓ వైపు లేపి కట్టాడు. తుంగ కోసుకొచ్చి గుడ్ల చుట్టూ పేర్చాడు. హంసల్ని వెనక్కి రమ్మని బతిమాలాడు, బూతులు తిట్టాడు. మిట్టమధ్యాహ్నపు ఎండంతా గుడ్ల మీదే కాసింది.

సాయంత్రం స్పందన గుడ్డు మీద చెయ్యి పెట్టి, తల అడ్డంగా ఊపింది.

"నీటికుక్కలు కాదమ్మా," అన్నాడతను, నేల చూస్తూ. "నేనే. చెత్తనుకుని ఊడ్చేసినాను."

"వల తీయించమంటారా అని అడిగినప్పుడైనా చెప్పాల్సింది," అందామె. అంకుల్ అనలేదు.

పొద్దు వాలుతుండగా హంసలు రెండూ నీళ్ల మీద పరుగెత్తి లేచి, చెట్ల మీదుగా వెళ్లిపోయాయి.

నల్లహంస రెక్క మడతలో దాచుకునే తెల్ల ఈక ఒకటి, వల ముడిలో చిక్కుకుని గాలికి వణుకుతూ ఉంది.