ఏడు ఆటలు గౌరీదేవివి

"రాయడానికేటుంది సుధా, అందరి సంగతులూ మనకి తెలిసినవే గదా. కూకుని టైపు చేసెయ్యడమే" అన్నాడు మా ఆయన హరికిరణ్, నేను అతని టిఫిన్ డబ్బాలో రొట్టెలు సర్దుతుండగా. మా చదరంగం క్లబ్బుకి యాభై ఏళ్లు నిండుతున్నాయి, అతను కార్యదర్శి, హిందీ మాట్లాడే ఈ కార్ఖానాల ఊరి నుంచి పైకెదిగిన ఆటగాళ్ల జీవితాలతో హిందీలో ఒక ప్రత్యేక సంచిక వేయాలని కమిటీ తీర్మానించింది. తీర్మానించింది పదకొండు మంది. రాయాల్సింది నేను. టెల్కో కాలనీ బడిలో లెక్కలు చెప్పి, మూడింటికి ఇల్లు చేరి, సాయంత్రం వంటకి ముందు దొరికే ఆ రెండు గంటలు నావని అతను ఎప్పుడూ అనుకోలేదు. నేను కూడా అనుకోవడం మానేసి చాలా కాలమైంది.

ఒకప్పుడు నేనూ ఆడేదాన్ని. రాష్ట్ర మహిళల పోటీల్లో రెండుసార్లు గెలిచాను. పెళ్లయిన ఏడాది జాతీయ పోటీలకి పేరొస్తే, అవే తేదీల్లో ఆడపడుచు నిశ్చితార్థం పడింది. మా అత్తగారు బంగారమ్మ "బల్ల ముందర బొమ్మలు జరుపుకుంటూ కూకుంటే అన్నం ఉడుకుతాదేటి" అని నవ్వుతూనే అంది. హరికిరణ్ "వచ్చే ఏడు చూద్దాంలే" అన్నాడు. ఆ తర్వాతి ఏడాది మా అమ్మాయి వెన్నెల కడుపులో ఉంది. బడిలో మా హెడ్‌మిస్ట్రెస్ ఒకసారి స్టాఫ్ అందరి ముందూ "చెస్ ఆడేవారట కదా, అయితే పరీక్షల టైమ్‌టేబుల్ మీరే వేసేయండి" అంది. పదిహేనేళ్లుగా నా ఆట ఆ టైమ్‌టేబుల్ గళ్లలోనే సాగింది.

రాయడం మొదలుపెట్టాక సంగతి వేరయ్యింది. గమ్హరియాలో లేతు మిషను మీద పనిచేసే మనిషి కొడుకు సూరజ్ పందొమ్మిదేళ్లకే గ్రాండ్‌మాస్టర్ ఎలా అయ్యాడో రాశాను. అర్పిత పదిహేడేళ్లకి మహిళా ఇంటర్నేషనల్ మాస్టర్ అయిన సంగతి రాశాను. హరికిరణ్ చదివి, అర్పిత పేజీలో ఒక వాక్యం కలిపాడు: ఇంత సాధించినా ఇంటి పనుల్లోనూ ఆమె చక్కని నేర్పరి. సూరజ్‌కి వంట వచ్చో రాదో ఆ పేజీలో లేదు. నేను ఆ వాక్యం తీసేశాను. అతను మళ్లీ చదవలేదు కాబట్టి గొడవ కాలేదు.

అందరికంటే పెద్ద పేజీ భీమారావు మాస్టారిది. కార్ఖానాలో షిఫ్టులు చేస్తూ, ఉత్తరాల చదరంగంలో ఇంటర్నేషనల్ మాస్టర్ బిరుదు తెచ్చుకున్న మనిషి. ఒక ఎత్తు కార్డు మీద రాసి జర్మనీకో రష్యాకో పంపితే జవాబుకి నెల పట్టేది. ఒక్కో ఆట మూడు నాలుగేళ్లు నడిచేది. నాకు ఆట నేర్పింది ఆయనే. పోయి ఆరేళ్లయింది. ఒక మంచి ఫోటో, వీలైతే ఆ కార్డులు రెండు మూడు తెద్దామని ఒక ఆదివారం ఉదయం సీతారాండేరాలో ఆయన ఇంటికి వెళ్లాను.

ఆయన భార్య గౌరీదేవిగారు బఠానీలు ఒలుస్తూ కూర్చుని ఉన్నారు. డెబ్బై ఎనిమిదేళ్లు. ఇచ్ఛాపురం ప్రాంతం నుంచి కోడలిగా ఈ ఊరు వచ్చి ఇక్కడే ఉండిపోయారు. ట్రంకుపెట్టె చూపించి "అన్నీ అందులోనే ఉన్నాయి, చూసుకో" అన్నారు. కార్డులు దారంతో కట్టలు కట్టి ఉన్నాయి. వాటి కింద పన్నెండు నోటుపుస్తకాలు. ఒకటి తెరిచాను. ప్రతి ఆటకీ బొమ్మ గీసి, పక్కన ఏ ఎత్తు వేస్తే ఏమవుతుందో చిన్న అక్షరాలతో తెలుగులో రాసి ఉంది.

తెలుగులో. మాస్టారు ఈ ఊళ్లో పుట్టి హిందీ బడిలో చదివిన మనిషి. తెలుగు మాట్లాడేవారే గాని రాయడం రాదు. నాకు చెప్పిన పాఠాలన్నీ హిందీలోనే రాసిచ్చారు. నేను పేజీలు తిప్పుతూ పోయాను. ఆయన్ని ప్రసిద్ధుణ్ణి చేసిన ఆట, జర్మనీ ఆటగాడితో ఆడింది, ముప్ఫై ఒకటో ఎత్తులో గుర్రం కోసం ఏనుగుని వదులుకున్న ఆట కనిపించింది. "మాస్టారి ధైర్యం" అని నా వ్యాసంలో ఒక పేరా మొత్తం రాశాను దాని మీద. పుస్తకంలో తెలుగు అక్షరాలు ఇలా ఉన్నాయి: ఏనుగుని వదిలేద్దాం. ఆ గుర్రం లేకపోతే అతని రాజుకి కాపు ఉండదు. దాని పక్కన మాస్టారి దస్తూరీలో, హిందీలో: ఇది పిచ్చితనం, వద్దు.

పుస్తకం ఆవిడ ముందు పెట్టాను. ఈ ఎత్తు ఎవరు వేశారని అడిగాను.

ఆవిడ బఠానీ కాయ చివర తుంచుతూ "ఆయన వద్దనేసి బి షిఫ్టుకి ఎల్లిపోయేరు. కార్డు నాలుగింటికల్లా పోస్టులో పడాల. అంకెలే గదా, నేనే రాసి పడేసేను" అన్నారు. ఇంకో కాయ తీసుకుంటూ, "వారం రోజులు నాతో మాటాడలేదు. ఆట గెలిచేక మిఠాయి తెచ్చేరు, క్లబ్బుకి" అన్నారు.

చిన్నప్పుడు పాఠం మధ్యలో చిక్కు ప్రశ్న అడిగితే మాస్టారు "ఉండు, చాయ్ తెత్తాను" అని వంటింట్లోకి వెళ్లేవారు. చాయ్‌తో పాటు జవాబు కూడా తెచ్చేవారు. ఆ మనిషి మీద నాకున్న గౌరవం పోలేదు, కాని నాకు కోపం వచ్చింది; ఎవరి మీదో వెంటనే తెలియలేదు. వంటింటి కర్టెన్ వెనక నుంచి వచ్చే గిన్నెల చప్పుడు అన్నేళ్లు విని, అక్కడ ఒక మనిషి ఆలోచిస్తూ ఉందని అనుకోని నా మీదే ఎక్కువగా వచ్చింది.

నమ్మకం కుదరక కాదు, ఆగలేక అడిగాను, ఒక ఆట ఆడదామా అని. ఆవిడ చెయ్యి తుడుచుకుని చదరంగం బల్ల తెచ్చారు. గంటన్నర ఆడాం. ఆవిడ తొందరపడలేదు. నాకు మంచి గళ్లన్నీ ఒక్కొక్కటే మూసేసి, చివరికి నా మంత్రి ఎటూ కదల్లేని చోట నిలబెట్టారు. నేను రాజుని పడుకోబెట్టాను. ఓడిపోయినందుకు అంత సంతోషం నాకు ఎప్పుడూ కలగలేదు.

సంచికలో ఏం రాయమంటారని అడిగితే ఆవిడ పావులు పెట్టెలో సర్దడం మొదలుపెట్టారు. "బిరుదొచ్చిన పోటీలో పదకొండు ఆటలు. నాలుగు ఆయనవి, ఏడు నావి. ఉన్నదున్నట్టు రాయి. ఆయన్ని దొంగని చెయ్యకు, నన్ను వంటమనిషిని చెయ్యకు" అన్నారు. ఇన్నాళ్లూ ఎందుకు చెప్పలేదన్నాను. "ఎవులూ అడగలేదమ్మా" అన్నారు, అంతే.

అలాగే రాశాను. నోటుపుస్తకం పేజీ ఫోటో తీసి పెట్టాను. హరికిరణ్ చదివి తల పట్టుకున్నాడు. పోయిన మనిషి పరువేం కావాలన్నాడు, క్లబ్బు హాల్లో ఆయన ఫోటో ఉందన్నాడు, ముసలావిడ ఏదో వయసు మీదపడి అంటే నువ్వు పట్టుకొచ్చేయడమేనా అన్నాడు. ఆ వయసు మీదపడిన మనిషి నన్ను గంటన్నరలో ఓడించిందని చెప్పాను. "నువ్వు ఆడి పదిహేనేళ్లయింది, నిన్ను ఎవడైనా ఓడిత్తాడు" అన్నాడు. అందులో అబద్ధం లేదు. ఆ పదిహేనేళ్లు ఎవరికి వంట చేస్తూ గడిచాయో మాత్రం అతనికి గుర్తు రాలేదు.

రెండ్రోజుల తర్వాత ఫైలు చూస్తే నా పేరాలన్నీ పోయి ఒక్క వాక్యం మిగిలింది: మాస్టారి విజయాల వెనుక శ్రీమతి గౌరీదేవిగారి సహకారం మరువలేనిది. ఆఖరి పేజీలో నేను కూడా ఉన్నాను. భోజన ఏర్పాట్లు: శ్రీమతి హరికిరణ్.

తనకి మీటింగ్ ఉందని పెన్ డ్రైవ్ నా చేతికే ఇచ్చి ప్రెస్సుకి పంపాడు. సాక్చిలో ఆటో దిగేదాకా నా మనసులో ఏ నిర్ణయమూ లేదు. కంప్యూటర్ ముందు కూర్చునే భానుప్రకాష్ "ఫైనల్ హై నా, మేడమ్?" అని, ఇదే ఆఖరి ప్రతి కదా అన్నట్టు అడిగాడు. ఒక అరగంట ఇవ్వమన్నాను. తీసేసిన పేరాలు నా ఫోన్‌లోంచి ఒక్కొక్కటే వెనక్కి పెట్టాను. పేజీ పైన రెండు పేర్లు వేశాను: భీమారావు, గౌరీదేవి. ఆఖరి పేజీలో భోజన ఏర్పాట్ల వాక్యం కొట్టేసి రాశాను: సేకరణ, రచన: సుధ, రెండుసార్లు రాష్ట్ర మహిళా ఛాంపియన్. తర్వాత "ఇది ఫైనల్" అన్నాను.

ఉత్సవం రోజు ఉదయం సంచిక విడుదలయ్యింది. గౌరీదేవిగారికి హిందీ చదవడం రాదు. మా వెన్నెల ఆవిడ పక్కన కూర్చుని, తనకొచ్చిన తెలుగులో తడబడుతూ ఆ పేజీ చదివి చెప్పింది. ఆవిడ కళ్లు మూసుకుని విన్నారు. చివర నా వైపు తిరిగి "ఏడు అని రాసేవా?" అని అడిగారు. రాశానన్నాను. "సరే" అన్నారు. సూరజ్ అప్పటికే ఆవిడ ముందు నేల మీద కూర్చుని, ఆవిడ సంచీలో తెచ్చిన నోటుపుస్తకాలు ఒకసారి చూడొచ్చా అని అడుగుతున్నాడు. వెన్నెల పేజీలు తిప్పుతూ ఆఖరి పేజీ దగ్గర ఆగి, నా వంక కొత్తగా చూసింది. "మమ్మీ, ఆప్ ఛాంపియన్ థీ?" పద్నాలుగేళ్ల పిల్లకి నేను ఒకప్పుడు ఛాంపియన్‌నన్న సంగతి ఇంట్లో ఎవరూ చెప్పలేదు. నేను కూడా చెప్పలేదు.

హరికిరణ్ జనంలోంచి సంచిక పట్టుకుని నా దగ్గరికొచ్చాడు. అందరూ చూస్తున్నారు కాబట్టి గొంతు తగ్గించాడు.

"ఎవుల్ని అడిగి మార్చేవు?"

"ఆడిన మనిషిని అడిగి."

కమిటీ వాళ్లు ఇటే వస్తుండటం చూసి అతను సంచిక మడిచి చంకలో పెట్టుకున్నాడు. సూరజ్ చేతిలో నోటుపుస్తకం చుట్టూ అప్పటికే పదిమంది మూగారు. ఎవరూ దాన్ని అబద్ధం అనడం లేదు. కాసేపటికి అతను వాచీ చూసుకుని, తనకి బాగా తెలిసిన చోటికి వచ్చాడు. "సర్లే, ఇంటికెళ్లేక మాటాడుకుందాం. రెండొందల మంది ఉన్నారు, పద, వడ్డన చూడు."

క్లబ్బు ఉత్సవానికి ఓపెన్ టోర్నమెంటు కూడా ఉంది. ప్రెస్సు నుంచి తిరిగొస్తూ నేను ఆగిన ఇంకో చోటు గురించి అతనికి చెప్పలేదు. గోడ మీద అంటించిన జాబితాలో, ఇరవై ఏడో బల్ల దగ్గర నా పేరు చూపించాను.

"వడ్డన మీరు చూసుకోండి. నాకు రెండింటికి ఆట ఉంది."