తెడ్డు చేతికిచ్చేదాకా

వ్యాను కదిలిపోయాక గుర్తొచ్చింది, రేపు పొద్దున నన్ను మళ్ళీ ఎక్కించుకోవాల్సిన డ్రైవరు పేరైనా అడగలేదని. ఎర్ర చొక్కా వేసుకున్నాడు, అంతవరకే తెలుసు. రేపు ఏ రంగు చొక్కా వేసుకుంటాడో? సంచీ గుండెకి హత్తుకుని రోడ్డు దిగి, పొగ లేస్తున్న గుడారం వైపు గడ్డిలో పడి నడిచాను.

సూసమిర్ మేతబయలుకి నేను ఎజిగేయ్ చెయ్యడం నేర్చుకోవడానికి వచ్చాను. మేకపాలు విరగ్గొట్టి, నీళ్ళన్నీ ఇగిరిపోయేదాకా కాచి, ఇటుక రంగు వచ్చాక ఆరబెట్టే తియ్యటి జున్ను అది. నలభై ఏళ్ళుగా చలి మొదలయ్యే ముందు మా అక్క జూరకాన్ ఒక గుడ్డసంచీ నిండా పంపేది. నేను తినేదాన్ని. పోయినేడు సంచీ రాలేదు. అక్కకి చేతులు వణుకుతున్నాయి. మేకల్ని అమ్మేసి, కారా-కోల్‌లో కొడుకు ఫ్లాటుకి మారిపోయింది. "అదెలా చేస్తారే?" అని ఫోనులో అడిగితే, "నీకెందుకే పట్నందానా? తెడ్డు ఏ కొస పట్టుకోవాలో కూడా తెలీదు నీకు" అని నవ్వి, ఆపైన చాలాసేపు దగ్గింది. ఆ దగ్గు నాకు నచ్చలేదు. ఈసారి అక్కని చూడబోతే నా చేత్తో చేసిన ఎజిగేయ్ పట్టుకునే వెళ్ళాలని ఆ రాత్రే అనుకున్నాను.

అక్క అన్నదాంట్లో అబద్ధం లేదు. నాకు ఐదేళ్ళప్పుడు తోక్మోక్ పట్నంలో పిల్లల్లేని మేనత్తకి నన్ను ఇచ్చేశారు. మాలో అది వింతేమీ కాదు. నన్నెక్కించిన గుర్రం పక్కన అక్క కొంతదూరం పరిగెత్తి ఆగిపోయింది. ఆ తర్వాత నాకు బడి, కుట్టుమిషన్ల కార్ఖానా, లైబ్రరీ నుంచి తెచ్చుకునే పుస్తకాలు. పాలు సీసాలో వచ్చేవి.

గుడారం ముందు ముప్పై ఏళ్ళ అమ్మాయి ఒకామె పిడకలు విరుస్తోంది. నన్ను చూసి, మాలో పెద్దావిడల్ని పిలిచే 'అపా' పిలుపుతో, చేతులు దులుపుకుంటూ పరిగెత్తుకొచ్చింది.

"రండి అపా, రండి! ఎవరి గుడారానికి? దారి తప్పారా?"

"లేదు తల్లీ. జున్ను నేర్చుకోవడానికి వచ్చాను. మా మనవరాలు ఫోనులో పేరు రాయించింది. బురుల్చా అని."

ఆమె నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది. "బురుల్చా అంటే మీరా? బిష్కెక్ నుంచి జీన్సు ప్యాంటేసుకుని ఏ పిల్లో దిగుతుందనుకున్నా! మీకు నేను నేర్పాలా? ఎగతాళి కాకపోతే. లోపలికి రండి, పైన కూర్చోండి."

ఆమె పేరు నుర్జాత్. గుడారంలో తలుపుకి ఎదురుగా, పెద్దవాళ్ళు కూర్చునే చోట నాలుగు బొంతలు పరిచి నన్ను కూర్చోబెట్టింది. వీపు వెనక దిండు, మోకాళ్ళ మీద దుప్పటి, చేతిలో టీ గిన్నె. అప్పటికే అక్కడ ఇద్దరు విదేశీయులున్నారు. ప్రాగ్ నుంచి వచ్చిన బడిపంతులమ్మ లెంకా, ఆమె భర్త వోయ్తా. ఇద్దరికీ నడుముకి గుడ్డ కట్టి, చేతికి చెరో చెంబు ఇచ్చింది. నాకు రెండో గిన్నె టీ ఇచ్చింది.

వాళ్ళు మేకల దగ్గరికి వెళ్తుంటే నేనూ లేచాను.

"అయ్యో, అపా, మీరెందుకు!"

"కాళ్ళు పట్టేశాయే. బయట కూర్చుంటాను."

నేను బయటికొచ్చేసరికి నా వెనకే బొంతలు, దిండు, దుప్పటి, టీ అన్నీ వచ్చేశాయి. పొయ్యికి పది అడుగుల దూరంలో మళ్ళీ అదే సింహాసనం. నేను లేస్తే నుర్జాత్ లేచేది, ఆమెని చూసి పాపం వోయ్తా కూడా లేచి నిలబడేవాడు. ఇక లేవడం మానేశాను. ఈ లెక్కన ఈ రోజంతా టీ తాగడమే నేర్చుకుంటానని దిగులు పట్టుకుంది.

పొయ్యి మీద బకెట్టు పాలు ఎక్కాయి. లెంకా తెడ్డు తిప్పుతోంది, అడుగు వదిలేసినప్పుడల్లా నుర్జాత్ చేత తిట్లు తింటోంది. నుర్జాత్ ఒక చిన్న మట్టికుండ తెచ్చి మూత తీసింది. గొర్రెపిల్ల పొట్టలోని పొరని ఎండబెట్టి విరుగుడు నీళ్ళల్లో నానేశారట, అదే తోడు. పాలల్లో వేలు ముంచి చూసి ఆమె నా వైపు తిరిగింది.

"అపా, వేలికి వెచ్చగా తగుల్తోంది. మా అత్త ఇంత వేడిలోనే తోడేస్తుంది. మీ వైపు ఎలా?"

ముగ్గురూ నన్నే చూస్తున్నారు. ఎప్పుడో ఒక పత్రికలో చదివింది నాకు గుర్తొచ్చింది: పాలు తెర్లుతుండగా పుల్లటి పెరుగు పోయాలి. ఇక్కడున్నది పెరుగు కాదు, పొట్టపొర అని నాకు తట్టలేదు. తెలీదని చెప్పడానికి నోరు రాలేదు.

"ఇంకాస్త కాగనీ," అన్నాను. ఆ గొంతు నాకే కొత్తగా వినిపించింది. వంద మేకల ఆసామిలా ఉంది.

పెద్దదాని మాట కదా, నుర్జాత్ ఎదురు చెప్పలేదు. మరో మూడు పిడకలు తోసింది. పాలు పొంగుకొచ్చాక దించి తోడు పోసింది. మేం ఎదురుచూశాం. గంట గడిచింది. ఆమె తెడ్డు ముంచి ఎత్తి చూసింది. పాలు పాలలాగే జారిపోయాయి. ఇంకో అరగంట గడిచినా పాలే.

నుర్జాత్ కుండ ఎత్తి వాసన చూసింది. "తోడు చచ్చిపోయింది. మా అత్త చుట్టాలింట్లో పెళ్ళికి వెళ్తూ ఒక్క మాట చెప్పింది అపా, 'ఏది పాడైనా ఫర్వాలేదు, తోడు జాగ్రత్త' అని. వారం తిరక్కుండానే చంపేశాను." కుండ చంకనెత్తుకుని పారబోయడానికి గట్టు వైపు నడిచింది.

లెంకాకి జాలేసినట్టుంది. వచ్చీరాని రష్యన్‌లో నన్ను అడిగింది: "అమ్మమ్మా, మీరు చెప్పండి ఆమెకి. మీరు మొదటిసారి చేసినప్పుడు కూడా పాడైందా?"

నుర్జాత్ కుండ వంచబోతోంది.

"ఆగు పిల్లా!" బొంత మీంచి లేచేశాను. దుప్పటి కాళ్ళకి చుట్టుకుంది. "తోడుకేం కాలేదు. అంత వేడికి పొట్టపొర పనిచెయ్యదు, పాలు మరీ కాగిపోయాయి. నేనే పాడుచేశాను. నా మొదటిసారి ఇవాళే."

ఆమెకి అర్థం కావడానికి కొంచెంసేపు పట్టింది. "ఇవాళేనా? మరి ఆ 'ఇంకాస్త కాగనీ' ఎక్కణ్ణించి వచ్చింది?"

"పత్రికలోంచి."

"పత్రికలోంచా!" కుండ కింద పెట్టి, దాని పక్కనే గడ్డిలో కూలబడి నవ్వింది. "తెలీకుండా ఎంత దర్జాగా చెప్పారు అపా! నేను మా అత్తనే అనుమానించాను. ఇన్నాళ్ళూ ఆవిడ తప్పు నేర్పిందేమో అని!"

లెంకా తన భర్తకి చెప్తే అతనూ నవ్వాడు. నేను ఏడుపు ఆపుకుంటూ నవ్వాను. చిన్నప్పుడే పట్నానికి ఇచ్చేసిన సంగతి, అక్క సంచీ సంగతి అన్నీ చెప్పాను. నుర్జాత్ నవ్వాపి వింది.

"తెడ్డు నాకివ్వు," అన్నాను.

"పెద్దవాళ్ళ చేత పని చేయించానని తెలిస్తే మా అత్త నన్ను బతకనివ్వదు."

"మీ అత్త వచ్చేలోపు నేను వెళ్ళిపోతాను. పొయ్యి దగ్గర నువ్వే పెద్ద. తప్పుచేస్తే తిట్టు."

"మిమ్మల్ని తిట్టడమా!"

"లెంకాని తిడుతున్నావుగా?"

పాలంటే మాకు 'తెలుపు', దాన్ని నేల మీద పొయ్యకూడదు కాబట్టి ఆ పాలని పెరుగుకి తోడేశాం. మధ్యాహ్నం మేకలు మళ్ళీ పితుకుడుకి వచ్చాయి. ఒక మేక నా గౌను అంచు నమిలింది, ఒకటి చెంబు తన్నింది, మూడోది దయ తలిచింది. పాలు పొయ్యెక్కాక నుర్జాత్ నా చెయ్యి పట్టుకుని వేలు పాలల్లో ముంచింది. అప్పుడే పుట్టిన బిడ్డ నుదురంత వేడి. అంతే. ఏ పత్రికలోనూ ఆ సంగతి లేదు. తోడు పోసి అరగంటయ్యాక వేలితో గీస్తే పాలు చీలిన గాటు చీలినట్టే నిలబడింది. నేను మళ్ళీ గీశాను. ఇంకోసారి గీశాను.

"చాలు అపా, దాన్నెంత కోస్తారు."

మళ్ళీ మంట వేసి తెడ్డు నా చేతికిచ్చింది. మొదట్లో, "కొంచెం అడుగు కూడా చూసుకుంటూ ఉంటే... మీకు ఓపికుంటేనే అపా" అంది. గంట తర్వాత, "అపా, అడుగు కలపండి" అంది. రెండు గంటలయ్యాక, ఆకుపచ్చటి విరుగుడు నీళ్ళు సగానికి ఇగిరి బుడగలు పటపటలాడుతుంటే, "కుడికి కాదు! అడుగు గీకు! గీకమంటే నిమురుతావేంటి, అదేమన్నా పిల్లా?" అంది. అని, నాలిక కరుచుకుంది.

"అలాగే," అన్నాను. ఒళ్ళు తేలికైంది.

ఆ ముద్ద తెల్లగా ఉండి, మీగడ రంగుకి వచ్చి, ఎప్పుడు తిరిగిందో ఎర్రబడటం మొదలైంది. కన్నార్పకుండా చూస్తున్నా ఆ మారే క్షణం దొరకలేదు.

"ఈ ఎరుపు ఎక్కణ్ణించి వస్తుందే?"

"పాలల్లోనే దాక్కుని ఉంటుంది."

"ఎవరు చెప్పారు?"

"ఎవరూ చెప్పలేదు. ఐదు గంటలు తెడ్డు తిప్పుతూ ఏదో ఒకటి అనుకోవాలిగా."

పాలల్లో చక్కెర ఉంటుందని, అది కమిలి ఎర్రబడుతుందని లెంకా చెప్పింది. మరి ఆవుపాలు ఇంత ఎర్రబడవేం అంటే ఆమెకీ తెలీదు. దాని గురించి మేం నలుగురం చాలాసేపు వాదించుకున్నాం. అప్పుడే రోడ్డు మీద వ్యాను చప్పుడైంది. నా వ్యానేమో, ఒకరోజు ముందే వచ్చి నన్ను వదిలేసి పోతుందేమోనని అటు చూశాను. ఎంతసేపు చూశానో తెలీదు.

"మాడుతోంది!" అని నుర్జాత్ అరిచింది.

పొద్దువాలేసరికి నా ఎజిగేయ్ గుడ్డ మీద ఆరబెట్టాం. ఇటుక రంగులో పలుకులు పలుకులుగా, అక్కడక్కడా నల్ల చుక్కలతో.

మర్నాడు పొద్దున నుర్జాత్ రెండు సంచులు తెచ్చింది. "ఇది పోయినవారం నేను చేసింది, ఒక్క చుక్క మాడలేదు. అక్కయ్యకి ఇది ఇవ్వండి. మీరే చేశారని చెప్పండి, ఎవరికి తెలుస్తుంది? మీది మీ మనవరాలికి పెట్టండి."

వద్దనాల్సింది. రెండూ తీసుకున్నాను. వ్యాను వచ్చింది, చొక్కా నీలం, మనిషి అతనే. నేను ఎవర్ని విడిచి వెళ్ళేటప్పుడూ వెనక్కి చూడను. నుర్జాత్ కిటికీ దాకా వచ్చి, "మళ్ళీ వేసవికి రండి, మా అత్త చేత తిట్టిస్తా" అంది. అద్దం మీద చెయ్యి ఆనించాను.

అలా-బెల్ కనుమ ఎక్కుతుంటే రెండిటికీ తేడా ఎంతో చూద్దామనిపించింది. ఆమెది ఒక పలుకు తిన్నాను. వెన్నలా కరిగింది. నాది ఒక పలుకు తిన్నాను. తీపి ఉంది, చివర్లో చేదు. చేదు నిజంగా ఉందా, నా భయమా అని ఆమెది మళ్ళీ తిన్నాను. పోల్చాలంటే నోరు శుభ్రంగా ఉండాలిగా, టీ తాగి మళ్ళీ తిన్నాను.

"ఏంటపా, కనుమ మొదలైనప్పట్నించీ నములుతూనే ఉన్నారు? మేం మనుషులం కాదా?" అన్నాడు డ్రైవరు.

వాళ్ళకి పెట్టాను. ఆమె సంచీలోంచే పెట్టాను, నాది పెట్టి పరువు తీసుకుంటానా? వ్యానులో పదకొండుమంది. అందరూ మెచ్చుకున్నారు. కారా-కోల్ మలుపు తిరిగాక చెయ్యి పెట్టి చూస్తే సంచీ అడుగున పొడి మాత్రం తగిలింది.

మూడో అంతస్తులో అక్క తలుపు తీసింది. పోయినసారికంటే చిన్నదైపోయింది. కూర్చున్నాక నా సంచీ విప్పి ఒక పలుకు ఆమె నోట్లో పెట్టాను. చాలాసేపు చప్పరించింది.

"ఎవరు చేశారు?"

"నేను."

"మధ్యలో ఆగావు."

"ఆగాను. రోడ్డు వైపు చూశాను."

అక్క నాలిక మీంచి నల్ల చుక్క ఒకటి వేలితో తీసి, వెలుతురుకి పట్టి చూసి, మళ్ళీ నోట్లో వేసుకుంది. నేను సంచీ మూతి ముడెయ్యబోతే వణికే చేత్తో నా చెయ్యి ఆపింది.

"కట్టకు, ఉండనీ."